ఆ టైమ్ ట్రావెల్ గేమ్ కిట్ కొనేముందు 1752 కార్డు ఫొటో అడగండి

బోర్డ్ గేముల పిచ్చి ఉన్నవాళ్లకి ఒక జాగ్రత్త. ఈమధ్య ఆన్‌లైన్‌లో ‘కాల వైపరీత్యాల కేటలాగ్’ అని ఒక కిట్ యాడ్ బాగా తిరుగుతోంది. నీలం పెట్టె, మూత మీద ఇత్తడి రంగు చక్రం బొమ్మ, ధర రెండున్నర వేల పైచిలుకు. ఫిర్యాదు నడుస్తోంది కాబట్టి అమ్మినవాళ్ల పేరు రాయట్లేదు, కానీ పెట్టె చూస్తే మీరే గుర్తుపడతారు.

ఐడియా మాత్రం అదిరింది, కాదనను. చరిత్రలో కాలం లెక్క తప్పిన చోట్లకి ఒక్కో కార్డు, ఒక్కో నంబరు ఇచ్చారు. కార్డు మీద బయలుదేరే తేదీ, అక్కడ ఎన్ని రోజులు మాయమయ్యాయో ఆ అంకె ఉంటాయి. ఆ అంకె ప్రకారం అట్ట చక్రం తిప్పితే చేరాల్సిన తేదీ వస్తుంది, ఆ తేదీని కేటలాగ్ పుస్తకంలో వెతికితే తర్వాతి కార్డు నంబరు దొరుకుతుంది. ఎక్కడ ఒక్క అంకె తప్పినా ఆట అక్కడే ఆగిపోతుందన్నమాట. పెట్టె మీద ‘తేదీలన్నీ అసలు చరిత్రలోవే’ అని ఇంతింత అక్షరాలతో వేశారు, నేను డబ్బు పెట్టిందే ఆ మాట చూసి.

మొదటిది 1582 కార్డు, అది బాగానే ఉంది. పోప్ గ్రెగరీ కేలండర్ మార్చినప్పుడు ఇటలీ, స్పెయిన్, పోర్చుగల్‌లో అక్టోబర్ 4 గురువారం రాత్రి పడుకున్నవాళ్లు అక్టోబర్ 15 శుక్రవారం నిద్ర లేచారు, మధ్యలో పది రోజులు లేవు. చక్రం తిరిగింది, పేజీ దొరికింది, ఇంట్లో అందరూ ఖుషీ. తర్వాత బ్రిటన్, 1752. అక్కడ సెప్టెంబర్ 2 మర్నాడు సెప్టెంబర్ 14 అయింది, అంటే పోయినవి పదకొండు రోజులు. ఈలోగా 1700 వచ్చి వెళ్లింది కదా, పాత లెక్కలో అది లీపు సంవత్సరం, కొత్త లెక్కలో కాదు, అందుకే ఇంకో రోజు తేడా పెరిగింది. ఈ మహానుభావులు 1582 కార్డులోని పదినే ఇక్కడా దించేశారు. చక్రం తిప్పితే సెప్టెంబర్ 13 దగ్గర ఆగుతుంది. లండన్‌లో ఆ ఏడు సెప్టెంబర్ 13 అనే రోజే లేదండీ! ఇక పుస్తకంలో పేజీ ఎక్కణ్ణుంచి వస్తుంది? మా అబ్బాయి ముందు నుంచి వెనక్కి, వెనక నుంచి ముందుకి తిరగేసి “నాన్నా, ఇప్పుడు మనం ఎక్కడున్నాం?” అని అడిగాడు.

ఇంకో విచిత్రం స్వీడన్ కార్డు. 1712లో అక్కడ ఫిబ్రవరి 30 నిజంగానే వచ్చింది. కొత్త కేలండర్‌కి కొద్దికొద్దిగా మారదామని 1700లో లీపు రోజు తీసేసి, ఆ ప్లాన్ సాగక మళ్లీ పాతదానికే వెళ్లడానికి ఒక రోజు అదనంగా కలుపుకున్నారు. కిట్‌లో దాని మీద ‘ఇది కల్పితం, వదిలేయండి’ అని ఉంది. లేని రోజుకి దారి చూపించి, ఉన్న రోజుని కల్పితం అన్నారు. పసిఫిక్ దీవుల దేశం సమోవా 2011 డిసెంబర్ 30ని ఎగరగొట్టిన కార్డు సరిగ్గానే ఉంది, కాకపోతే అదే కార్డు రెండు నంబర్లతో రెండుసార్లు వచ్చింది.

ఇండియా ఎడిషన్ పేరుతో ఎక్స్‌ట్రా డబ్బు తీసుకుని ఇచ్చిన కార్డులు ఇంకా ఘోరం. అధిక మాసం మూడేళ్లకోసారి అదే నెలలో వస్తుందట! నిజానికి 2020లో అధిక ఆశ్వయుజం, 2023లో అధిక శ్రావణం, 2026లో అధిక జ్యేష్ఠం. ఏ చాంద్రమాసంలో సూర్య సంక్రమణం, అంటే సూర్యుడు కొత్త రాశిలోకి మారడం, పడదో అది అధికమవుతుంది, గోడ మీది కేలండర్ తిరగేసినా నెల మారుతోందని తెలుస్తుంది. లీపు సెకను, అంటే గడియారాలకి అప్పుడప్పుడు అదనంగా కలిపే సెకను, దాని కార్డు మన దేశంలో కూడా 2016 డిసెంబర్ 31 అర్ధరాత్రే అంటుంది. ఆ అర్ధరాత్రి అంతర్జాతీయ సమయం (UTC) లెక్కలోది, మనకి అది 2017 జనవరి 1 పొద్దున్న అయిదున్నరకి ముందు వచ్చిన సెకను.

కస్టమర్ కేర్‌కి ఫొటోలు పంపితే “ఇది ఫిక్షన్ కదా సార్, ఇమాజినేషన్‌తో ఆడుకోవాలి” అన్నారు. ఫిక్షన్ అయితే మంగళగ్రహం మీద ఉగాది పెట్టుకోండి, నాకేం అభ్యంతరం లేదు, కానీ మీరు పెట్టిన రూలు మీ పుస్తకంలోనే పనిచేయాలిగా. సవరణల కోసం ఇచ్చిన క్యూఆర్ కోడ్ స్కాన్ చేస్తే ఖాళీ పేజీ. రిటర్న్ అడిగితే సీల్ తీశారు కాబట్టి కుదరదన్నారు.

ఆ మాటకి భయపడకండి. 2020 ఈ-కామర్స్ రూల్స్ ప్రకారం యాడ్‌లో చెప్పినట్టు లేని సరుకుని వెనక్కి తీసుకోనని అమ్మకందారు అనకూడదు, సైట్ ఫిర్యాదుల అధికారి 48 గంటల్లో ఫిర్యాదు అందిందని చెప్పాలి, నెలలోపు తేల్చాలి. అక్కడా తేలకపోతే కన్స్యూమర్ హెల్ప్‌లైన్ 1915. పెట్టె మీది ఆ ‘అసలు చరిత్ర’ లైనుని, తప్పు కార్డులన్నిటినీ ఫొటో తీసి పెట్టుకోండి.

ఇంకా కొననివాళ్లు ముందు 1752 కార్డు ఫొటో పంపమని అడగండి, అందులో 10 అని ఉంటే ఆర్డర్ పెట్టకండి. కొనేసినవాళ్లు 10 కొట్టేసి 11 రాసుకోండి, సెప్టెంబర్ 14 పేజీ పుస్తకంలో ఉంది, ఆట ముందుకెళ్తుంది. అధిక మాసం కార్డుకి మాత్రం మందు లేదు, తీసి పక్కన పడేయండి.