ఆట మీది, ప్యాడ్ అవతలివాళ్ల చేతిలో: దూరం నుంచి గేమ్ పంచుకునే సర్వీసులపై రివ్యూ

గేమ్ మీ దగ్గరుంది, ఫ్రెండ్ దగ్గర లేదు. ఇద్దరూ ఒకే గదిలో ఉంటే రెండో ప్యాడ్ చేతికిస్తే సరిపోయేది. దూరంగా ఉన్నవాళ్లకు అదే పని చేసిపెడతామనే సర్వీసులు ఇప్పుడు అరడజను దాకా ఉన్నాయి. ప్రకటనలు చూస్తే అన్నీ ఒక్కలాగే ఉంటాయి. తేడా పట్టుకోవాలంటే ఒక్క ప్రశ్న వేయండి: ఫ్రెండ్ నొక్కిన బటన్ చివరికి ఎక్కడికి చేరుతోంది? క్లౌడ్ సర్వర్‌కా, మీ కన్సోల్‌కా, మీ పీసీకా? ల్యాగ్ (బటన్ నొక్కాక తెర మీద కనపడే ఆలస్యం) ఎంత, బొమ్మ ఎలా ఉంటుంది, ఎవరెవరు చందా కట్టాలి అన్నవి చాలావరకు దీన్ని బట్టే తేలతాయి.

నేరుగా సర్వర్‌కు చేరే పద్ధతికి మంచి ఉదాహరణ అమెజాన్ లూనా అనే క్లౌడ్ గేమ్ సర్వీసులోని కౌచ్ సదుపాయం. చందా ఉన్నవారు ఒకరు గేమ్ తెరిచి కోడ్ తీసుకుంటారు. అవతలివారికి లూనా చందా అక్కర్లేదు, అమెజాన్ ఖాతా ఉండి ఆ కోడ్ కొడితే రెండో ఆటగాడిగా కూర్చుంటారు. ఆట నడిచేది సర్వర్‌లో కాబట్టి ఎవరి వీడియో వాళ్లకు అక్కడి నుంచే వస్తుంది. మీ ఇంటి అప్‌లోడ్ మీద భారం ఉండదు, మీ పీసీ పాతదైనా ఫ్రెండ్‌కు నష్టం లేదు. క్లౌడ్ గేమ్‌ను పంచుకోవడం అంటే నిజానికి ఇలాగే ఉండాలి. చిక్కల్లా లూనా అన్ని దేశాల్లో లేకపోవడం, ఒకే తెర మీద ఇద్దరు ముగ్గురు ఆడే గేమ్‌లకే కౌచ్ పనికిరావడం. గూగుల్ వారి క్లౌడ్ గేమ్ సర్వీసు స్టేడియా ఇంకో అడుగు ముందుకేసి, ఆటలో ఫలానా క్షణాన్ని లింకుగా మార్చి పంపే సదుపాయం కూడా పెట్టింది. 2023 జనవరి 18న దుకాణం మూసేయడంతో అదీ పోయింది.

ఇక ప్లేస్టేషన్ షేర్ ప్లే. 2014లో ప్లేస్టేషన్ 4 సాఫ్ట్‌వేర్ 2.00తో వచ్చింది, ప్లేస్టేషన్ 5లోనూ ఉంది. ఇక్కడ ఆట నడిచేది మీ కన్సోల్‌లో. ఫ్రెండ్‌కు వెళ్లేది వీడియో, తిరిగి వచ్చేది బటన్ నొక్కుళ్లు. ఫ్రెండ్ ఆ గేమ్ కొనక్కర్లేదు, డౌన్‌లోడ్ చేయక్కర్లేదు. ప్లేస్టేషన్ 5లో పీఎస్ బటన్ నొక్కి, ఫ్రెండ్‌తో వాయిస్ చాట్ మొదలుపెట్టి, చాట్ కార్డులోంచి ముందు షేర్ స్క్రీన్, తర్వాత షేర్ ప్లే ఎంచుకోవాలి. అప్పుడు రెండు దారులు కనిపిస్తాయి: మీ బదులు ఫ్రెండ్ ఆడటం, లేదా మీ పక్కన రెండో ప్యాడ్‌గా చేరడం. మొదటి దానికి హోస్ట్‌కు, అంటే గేమ్ నడిపే మీకు, ప్లేస్టేషన్ ప్లస్ చందా ఉంటే చాలు. రెండో దానికి ఇద్దరికీ ఉండాలి. చాలామంది తడబడేది ఇక్కడే. మొదటి పద్ధతి పని చేసింది కదా అని రెండోది నొక్కి, ఎర్రర్ వస్తే నెట్‌ను తిట్టుకుంటారు.

ఒక్కో విడత 60 నిమిషాలు. గంట కాగానే తెగిపోతుంది, వెంటనే మళ్లీ మొదలుపెట్టుకోవచ్చు, ఎన్నిసార్లన్న లెక్క లేదు. అంటే ఇది అడ్డుగోడ కాదు, గంటకోసారి మోగే అలారం. కాకపోతే బాస్ ఫైట్ మధ్యలో మోగితే చిరాకే. 50వ నిమిషం దగ్గర సేవ్ చేసి, మీరే ఆపి, మళ్లీ మొదలుపెట్టడం నయం. ఒకసారికి ఒక్క అతిథికే చోటు. మీరు హోమ్ స్క్రీన్‌కు వెళ్తే అవతల ఆట కనపడదు. గేమ్ తయారుచేసినవాళ్లు కొన్ని సీన్లను పంచుకోకుండా కట్టేసే వీలుంది, అక్కడికి రాగానే ఫ్రెండ్ తెర ఖాళీ అవుతుంది. అది ల్యాగ్ కాదు, రౌటర్ రీస్టార్ట్ చేసి లాభం లేదు.

షేర్ ప్లే అసలు మొదలే కాకపోతే ముందు నెట్‌వర్క్ టెస్ట్‌లో నాట్ టైప్ (బయటి కనెక్షన్లు మీ కన్సోల్‌ను ఎంత సులువుగా చేరగలవో చెప్పే గ్రేడు) చూడండి. టైప్ 3 అని వస్తే రెండు కన్సోళ్లు నేరుగా కలవడం కష్టం. రౌటర్‌లో యూపీఎన్‌పీ (పోర్టులను దానంతటదే తెరిచే ఆప్షన్) ఆన్ చేయడం మొదటి మందు. దానికీ లొంగకపోతే రౌటర్ వ్యాన్ అడ్రస్ (నెట్ కంపెనీ రౌటర్‌కు ఇచ్చిన అడ్రస్) చూడండి. 100.64 నుంచి 100.127 మధ్య ఏదైనా అంకెతో మొదలైతే మీ నెట్ కంపెనీ ఒకే పబ్లిక్ అడ్రస్ వెనక చాలా ఇళ్లను కట్టేసిందన్నమాట. అప్పుడు మీ రౌటర్‌లో ఎన్ని పోర్టులు తెరిచినా ఫలితం ఉండదు. పబ్లిక్ అడ్రస్ ఇవ్వమని కంపెనీని అడగడమే మార్గం.

నింటెండో స్విచ్ 2లోని గేమ్‌షేర్ కూడా ఈ జాతిదే. ఒక్కరి దగ్గర గేమ్ ఉంటే చాలు. దూరంగా ఉన్నవారితో అయితే కన్సోల్‌లోని గేమ్‌చాట్ అనే చాట్ సదుపాయం ద్వారానే కుదురుతుంది, అందరిదీ స్విచ్ 2 అయి ఉండాలి. పాత స్విచ్ ఒకే గదిలో ఉంటేనే చేరగలదు. దీన్ని సపోర్ట్ చేసే గేమ్‌లలోనే ఈ సదుపాయం వస్తుంది కాబట్టి, కొనేముందు గేమ్ పేజీలో ఆ మాట ఉందో లేదో చూసుకోవడం మంచిది.

ఎక్స్‌బాక్స్ క్లౌడ్ గేమింగ్ దగ్గరికొస్తే కథ వేరు. సర్వర్ ఉంది, స్ట్రీమ్ ఉంది, షేర్ ప్లే లాంటి బటన్ మాత్రం లేదు. ఆన్‌లైన్ గేమ్ అయితే ఎవరి చందాతో వాళ్లు చేరాలి. ఒంటరిగా ఆడే గేమ్ ప్యాడ్‌ను ఫ్రెండ్ చేతికివ్వాలంటే జనం పట్టే దొడ్డిదారి ఒకటుంది: పీసీ బ్రౌజర్‌లో క్లౌడ్ గేమ్ తెరిచి, ఆ పీసీని పార్సెక్ (పీసీ తెరను దూరంగా ఉన్నవారికి చూపించి, వాళ్ల ప్యాడ్‌తో నడపనిచ్చే యాప్)తో ఫ్రెండ్‌కు చూపించడం. పని చేస్తుంది. అయితే ఎలా చేస్తుందో తెలుసుకుని దిగాలి.

హోస్ట్ పీసీలో పార్సెక్ హోస్టింగ్ ఆన్ చేసి, ఎడ్జ్ బ్రౌజర్‌లో గేమ్ మొదలుపెట్టి, ఫ్రెండ్‌కు లింకు పంపండి. ఫ్రెండ్ ప్యాడ్ మీ విండోస్‌కు ఎక్స్‌బాక్స్ ప్యాడ్‌లా కనిపిస్తుంది. అయినా బ్రౌజర్ దాన్ని వెంటనే పట్టించుకోదు. బటన్ ఒకటి నొక్కితే గానీ ప్యాడ్ ఉన్నట్టు పేజీకి తెలియదు. కాబట్టి మీ ప్యాడ్ ఆపేసి, పేజీ రిఫ్రెష్ చేసి, ఫ్రెండ్‌ను ఏదైనా బటన్ నొక్కమనండి. ఆ తర్వాత మీరు వేరే విండో మీద క్లిక్ చేశారంటే అవతల ప్యాడ్ చచ్చుబడుతుంది. ఎడ్జ్ మీద మళ్లీ క్లిక్ చేస్తే లేస్తుంది. ఫ్రెండ్ మధ్యలో ఉన్న ఎక్స్‌బాక్స్ బటన్ నొక్కినప్పుడల్లా మీ పీసీలో గేమ్ బార్ తెరుచుకుంటుంటే, విండోస్ సెట్టింగ్స్‌లో కంట్రోలర్‌తో గేమ్ బార్ తెరిచే ఆప్షన్ తీసేయండి. ఇద్దరూ కలిసి రెండు ప్యాడ్లతో ఆడదామని మాత్రం ఈ దారిలో ఆశపడొద్దు. ఇది ప్యాడ్ చేతులు మార్చుకునే ఆటకే.

కీబోర్డు, మౌస్ అనుమతులు ఫ్రెండ్‌కు ఇవ్వకండి. ప్యాడ్ ఒక్కటి చాలు. మౌస్ ఇచ్చారంటే ఆటే కాదు, మీ మెయిల్, మీ ఫైళ్లు అన్నీ అవతలి చేతిలో ఉన్నట్టే. స్నేహం మీద అనుమానంతో చెప్పడం లేదు, పొరపాటున పడే క్లిక్ గురించే. వీటికి బదులు ఏకంగా ఖాతా పాస్‌వర్డే ఇచ్చేవాళ్లున్నారు. ఖాతాతోపాటు అందులో దాచిన కార్డు కూడా అవతలికి వెళ్తుంది. ఆ పని వద్దు.

ఇప్పుడు ల్యాగ్ లెక్క. 60 ఫ్రేముల ఆటలో ఒక్కో ఫ్రేము 16.7 మిల్లీసెకన్లు. మీ పీసీ నుంచి సర్వర్‌కు పోయి రావడానికి 40, ఫ్రెండ్ నుంచి మీ పీసీకి పోయి రావడానికి 30 అనుకుందాం. దారిలోనే 70 పోయాయి. పైగా వీడియో రెండుసార్లు కుదింపుకు, రెండుసార్లు విప్పుకు లోనవుతుంది. తెర ఆలస్యం కూడా కలిపితే వంద సులువుగా దాటుతుంది, అంటే ఆరు ఫ్రేములు. టర్న్ పద్ధతి ఆటలు, పజిల్స్, కథ నడిచే గేమ్‌లు ఇందులో హాయిగా సాగుతాయి. రేసింగ్ కాసేపటికి అలవాటవుతుంది. ఫైటింగ్ గేమ్ అయితే దెబ్బ కనిపించేసరికి తగిలి ఉంటుంది. ఇందులో కొంత భాగాన్ని తగ్గించడం ఏ కంపెనీ వల్లా కాదు. ఫైబర్‌లో కాంతి సెకనుకు సుమారు 2 లక్షల కిలోమీటర్లే పోతుంది కాబట్టి 1000 కిలోమీటర్ల దూరానికి రానుపోను 10 మిల్లీసెకన్లు ఖాయం.

బొమ్మ సంగతి కూడా అంతే. ఒకసారి కుదించిన వీడియోనే మళ్లీ కుదిస్తున్నారు. మనిషి ముఖం బాగానే ఉంటుంది. గడ్డి, వాన, పొగమంచు వచ్చినచోట తెర అంతా గళ్లుగళ్లుగా విరుగుతుంది, మొదటి కుదింపు మిగిల్చిన మచ్చలను రెండోది కొత్త వివరాలనుకుని వాటి మీద బిట్లు తగలేస్తుంది. తక్కువ బ్యాండ్‌విడ్త్‌లో 1080 మీద పట్టుబట్టడం కంటే 720కి దించడం మేలు, గళ్లు తగ్గుతాయి. రెండువైపులా హార్డ్‌వేర్ సహకరిస్తే హెచ్ 265 అనే వీడియో కుదింపు పద్ధతి ఎంచుకోండి.

అయితే వీటన్నిటికంటే ఎక్కువ సాయంత్రాలు పాడుచేసేది అప్‌లోడ్ నిండిపోవడం. స్పీడ్ టెస్ట్‌లో పింగ్ (సర్వర్‌కు పోయి రావడానికి పట్టే మిల్లీసెకన్లు) 20 చూపించిన లైనే, ఆట మొదలయ్యాక 200 చూపిస్తుంది. కారణం సులువు: అప్‌లోడ్ అంచుదాకా నిండితే ప్యాకెట్లన్నీ రౌటర్‌లో వరుస కడతాయి. దొడ్డిదారి పద్ధతిలో ఇంకా ఘోరం. క్లౌడ్ సర్వర్‌కు వెళ్లాల్సిన బటన్ నొక్కు కూడా ఆ క్యూలోనే, ఫ్రెండ్‌కు వెళ్లే వీడియో వెనక నిలబడుతుంది. పరీక్షించడం తేలిక. ఆట నడుస్తుండగా ఇంకో కమాండ్ విండోలో ఆపకుండా పింగ్ పెట్టండి. అంకెలు ఎగిరిపడుతుంటే పార్సెక్ బ్యాండ్‌విడ్త్ పరిమితిని మీ అప్‌లోడ్‌లో సుమారు 70 శాతానికి దించండి. 10 ఎంబీపీఎస్ అప్‌లోడ్ ఉంటే 7 పెట్టండి. ఇద్దరు అతిథులుంటే ఒక్కొక్కరికీ వేరే స్ట్రీమ్ వెళ్తుంది, అదే 7ను ఇద్దరికీ పంచాలి. రౌటర్‌లో ఎస్‌క్యూఎం (ప్యాకెట్ల క్యూ పేరుకోకుండా చూసే సదుపాయం) ఉంటే ఆన్ చేయండి, దానికి మించిన వైద్యం లేదు. డేటా లెక్క కూడా చూసుకోండి: 10 ఎంబీపీఎస్ స్ట్రీమ్ గంటసేపు నడిస్తే 4.5 జీబీ. దొడ్డిదారిలో సర్వర్ నుంచి దిగే డేటా దీనికి అదనం.

హోస్ట్ పీసీకి కేబుల్ వేయండి. ఫ్రెండ్ వైఫైలో ఉంటే కనీసం 5 గిగాహెర్ట్జ్ బ్యాండ్‌లో ఉండమనండి. సగటు ల్యాగ్ కంటే అది ఎగుడుదిగుడుగా మారడమే చేతికి ఎక్కువ ఇబ్బంది. నిలకడగా 80 ఉంటే వేళ్లు సర్దుకుంటాయి, 30కీ 130కీ మధ్య ఊగితే ఏ వేలూ సర్దుకోదు.

శబ్దంలో ఒక చిన్న చిక్కు. పార్సెక్ మీ పీసీలో మోగే ప్రతిదాన్నీ పంపిస్తుంది. వాయిస్ చాట్ యాప్ డిస్కార్డ్ కూడా అదే పీసీలో ఉంటే ఫ్రెండ్ మాట ఫ్రెండ్‌కే అరక్షణం ఆలస్యంగా తిరిగి వినిపిస్తుంది. మాటలకు ఫోన్ వాడితే గొడవ వదిలిపోతుంది.

గేమ్ మీ పీసీలోనే ఉండి, అది ఒకే తెర మీద కలిసి ఆడే రకమైతే ఈ తిప్పలేవీ అక్కర్లేదు. 2019లో వచ్చిన స్టీమ్ రిమోట్ ప్లే టుగెదర్ ఉచితం. ఫ్రెండ్ గేమ్ కొనక్కర్లేదు. 2021 నుంచి లింకు పంపితే స్టీమ్ ఖాతా లేనివాళ్లు కూడా స్టీమ్ లింక్ యాప్‌తో చేరొచ్చు. మీరు ఆట వదిలి డెస్క్‌టాప్‌కు వెళ్తే అవతలికి మీ డెస్క్‌టాప్ కనపడదు, పార్సెక్ కంటే ఇది పెద్ద ఊరట. ప్యాడ్లు ఎన్నుంటే అంతమంది విడిగా ఆడొచ్చు గానీ కీబోర్డులు మాత్రం అన్నీ కలిసి ఒకే కీబోర్డు కింద లెక్క. ఇద్దరూ కీబోర్డు పట్టుకుంటే ఒకే బొమ్మను చెరో వైపు లాగుతారు.

మా వరస ఇదీ: లూనా దొరికేచోట, గేమ్ అందులో ఉంటే కౌచ్. ఇద్దరి దగ్గరా ప్లేస్టేషన్ ఉంటే షేర్ ప్లే. పీసీ గేమ్‌కు స్టీమ్. బ్రౌజర్‌కు పార్సెక్ తగిలించే దారి అన్నిటికంటే చివర, అదీ నిదానమైన ఆటలకే. ఏది వాడినా ఫ్రెండ్ మీ బదులు ఆడుతున్నప్పుడు రాసుకునేది మీ సేవ్ మీదే, ట్రోఫీ వచ్చినా మీ ఖాతాకే. ప్యాడ్ ఇచ్చేముందు కొత్త స్లాట్‌లో ఒక సేవ్ వేసి పెట్టండి. ప్లేస్టేషన్ 4 గేమ్ సేవ్‌ను యూఎస్‌బీకి కాపీ చేసుకోవచ్చు. ప్లేస్టేషన్ 5 గేమ్ సేవ్‌కు ఆ వీలు లేదు, ప్లేస్టేషన్ ప్లస్ క్లౌడ్ స్టోరేజ్‌లోకి ఎక్కించాలి. ఎక్కించాక ఆటో అప్‌లోడ్ ఆపేయండి, లేకపోతే ఫ్రెండ్ పాడుచేసిన సేవే వెళ్లి మంచిదాని మీద కూర్చుంటుంది.