రచయితల గదా, సొంత సిరీసా: టీవీ హాస్య రచయితకు ఏది మేలు?

టెలివిజన్ హాస్య రచనను వృత్తిగా ఎంచుకున్నవారి ముందు ప్రధానంగా రెండు దారులున్నాయి. మొదటిది, అమెరికాలో స్థిరపడిన పద్ధతిలో, పలువురు రచయితలు ఒకే బల్ల చుట్టూ కూర్చుని సిరీస్‌ను నడిపే 'రైటర్స్ రూమ్'లో చేరడం. రెండవది, బ్రిటన్‌లో తరచుగా కనిపించే విధంగా, ఒక్కరో ఇద్దరో కలిసి సిరీస్ మొత్తాన్నీ తామే రాయడం.

ఒకే ఊహ ఈ రెండు దారుల్లోనూ నడిచిన ఉదాహరణ 'ది ఆఫీస్' అనే హాస్య సిరీస్. బ్రిటన్‌లో రికీ జర్వేస్, స్టీఫెన్ మర్చంట్ ఇద్దరే దానిని రాశారు. 2001 నుంచి 2003 వరకు 12 ఎపిసోడ్లు, రెండు క్రిస్మస్ ప్రత్యేక భాగాలు వచ్చాయి. రచయితల బృందం చేతుల్లో దాని అమెరికన్ రూపం 2005 నుంచి 2013 వరకు తొమ్మిది సీజన్లు, 201 ఎపిసోడ్లు సాగింది. అన్ని ఎపిసోడ్లు ఇద్దరి వల్ల అయ్యే పని కాదు.

గదిలో కొత్తవారికి దొరికే అసలు లాభం జీతం కన్నా చదువే అని నా అభిప్రాయం. రాత్రంతా కూర్చుని చెక్కిన జోకు మరునాడు నటులు స్క్రిప్టు చదువుతుండగా ఎవరినీ నవ్వించకపోతే, ఆ నిశ్శబ్దమే తీర్పు. రచయిత దానిని కొట్టేసి, సాయంత్రానికల్లా మరొకటి రాయక తప్పదు. ఇంట్లో ఒంటరిగా రాసుకునేవారికి ఈ దెబ్బ చాలా ఆలస్యంగా, ఒక్కోసారి ప్రసారమయ్యాక గాని తగలదు. పైన చెప్పిన అమెరికన్ బృందంలో పనిచేసిన మైకేల్ షుర్, మిండీ కేలింగ్ తరువాత సొంత సిరీస్‌లను సృష్టించగలిగారంటే, అందులో ఆ శిక్షణ పాత్ర తక్కువేమీ కాదు.

అయితే గదికి లోపాలు లేకపోలేదు. అక్కడ రచయిత సిరీస్ సృష్టికర్త గొంతును, అంటే రచనా శైలిని, అనుకరించాలి. పదిమంది తిరగరాసిన స్క్రిప్టు మీద ఒకరి పేరే పడవచ్చు. స్ట్రీమింగ్ వచ్చాక సీజన్లు కుదించుకుపోయి, కొలువు కొన్ని వారాలకే పరిమితం కావడం మరో చిక్కు. 2023లో అమెరికన్ రచయితలు 148 రోజులు సమ్మె చేయడానికి గదుల్లో తగ్గిపోతున్న రచయితల సంఖ్య కూడా ఒక కారణం.

సొంత సిరీస్‌లో పాత్రలు, గొంతు, లయ అన్నీ రచయితవే, కీర్తీ అతనిదే. కాని అది అమ్ముడుపోయేవరకు రాబడి ఉండదు.

అందుచేత కొత్తవారికి మొదటి కొన్నేళ్లు గదే మేలని, తనకంటూ చెప్పవలసిన కథ స్పష్టమైన తరువాత సొంత సిరీస్ మేలని అనుకుంటున్నాను. కాకపోతే గదిలో చోటు కోరేవారిని సైతం ముందుగా అడిగేది వారు సొంతంగా రాసిన పైలట్ (సిరీస్ తొలి ఎపిసోడ్) స్క్రిప్టునే. దానిని మాత్రం ఒంటరిగా కూర్చుని రాయవలసిందే.