స్కైస్కానర్: ధర చూపేది ఒకరు, టికెట్ అమ్మేది మరొకరు

విమాన టికెట్ల ధరలను పోల్చి చూపే సైట్లలో నేను ఎక్కువగా వాడేది స్కైస్కానర్. అయితే దాని యజమాని ఎవరో, ఆదాయం ఎక్కడి నుంచి వస్తుందో తెలుసుకుని వాడటం అవసరం. స్కాట్లాండ్‌లోని ఎడిన్‌బరో కేంద్రంగా ఎదిగిన ఈ సంస్థను 2016లో చైనాకు చెందిన సీట్రిప్ దాదాపు 140 కోట్ల పౌండ్లకు కొనుగోలు చేసింది; ఆ మాతృసంస్థే 2019లో ట్రిప్.కామ్ గ్రూప్‌గా పేరు మార్చుకుంది. కాబట్టి హైదరాబాద్ నుంచి లండన్‌కు వెతికినప్పుడు, విక్రేతల జాబితాలో ట్రిప్.కామ్ కనిపిస్తే అది సోదర సంస్థే. ఆ ఒక్క కారణంతో ఫలితాలను అనుమానించనక్కరలేదు గానీ, ఆ సంబంధం ధర పక్కనే స్పష్టంగా రాసి ఉండాలని గట్టిగా కోరుకుంటాను.

స్కైస్కానర్ స్వయంగా టికెట్ అమ్మదు. మనల్ని విమానయాన సంస్థ దగ్గరికో, ట్రావెల్ ఏజెన్సీ దగ్గరికో పంపి, అందుకు వారి నుంచి రుసుము తీసుకుంటుంది; ప్రకటనల ఆదాయం దీనికి అదనం. అందువల్ల డబ్బు చెల్లించాక తేదీ మార్పు, రద్దు, రిఫండ్ వంటివన్నీ ఆ విక్రేతతోనే తేల్చుకోవాలి. నెల మొత్తం ధరలను ఒకేచోట చూపే క్యాలెండర్, ధర మారితే తెలియజేసే అలర్ట్ మాత్రం నిజంగా ఉపయోగకరమైనవి. అతి తక్కువ ధర ఎదుట ఎన్నడూ వినని ఏజెన్సీ పేరు ఉంటే, దాని రేటింగ్ చూసి, బ్యాగేజీతో కలిపిన మొత్తాన్ని ఎయిర్‌లైన్ సొంత సైట్‌లో సరిచూసుకున్న తరువాతే డబ్బు కడతాను.