అంజి కోసం ‘అమృతం’: యూట్యూబ్‌లో పాత ఎపిసోడ్లు ఎలా ఉన్నాయంటే

గుండు హనుమంతరావు ఎంతటి నటుడో తేల్చుకోవాలంటే ఆయన సినిమాలు ముందేసుకుని కూర్చుంటే లాభం లేదు. బెజవాడ నాటకాల నుంచి వచ్చి, 1987లో జంధ్యాల ‘అహ నా పెళ్ళంట’తో మొదలుపెట్టి నాలుగొందలకు పైగా సినిమాలు చేశారు. చాలావాటిలో దక్కింది రెండు మూడు నిమిషాలే. వచ్చి, ఓ మాటని, తిట్లో దెబ్బలో తిని వెళ్ళిపోవడం. ఆయనకి కావలసినంత చోటిచ్చింది టీవీయే. ‘అమృతం’లో ఆంజనేయులు, అదే మన అంజి.

2001 నవంబరు నుంచి 2007 నవంబరు దాకా జెమినీలో ఆదివారం రాత్రి ఎనిమిదిన్నరకి వచ్చిన సీరియల్ ఇది. గుణ్ణం గంగరాజు నిర్మాణం, మొత్తం 313 ఎపిసోడ్లు. యూట్యూబ్‌లో ఉచితంగా చూడొచ్చు, మధ్యమధ్యలో యాడ్స్ భరించాలంతే.

మొదటి చిక్కు బొమ్మతోనే. అప్పటి టీవీ కొలత 4:3. ఇప్పటి టీవీలో రెండు పక్కలా నల్లపట్టీలు వస్తే రానివ్వండి. రిమోట్‌లో ‘జూమ్’ నొక్కారా, పైనా కిందా కలిపి బొమ్మలో పావువంతు ఎగిరిపోతుంది. నుదురూ చేతులూ పోయాక ఇక అంజిలో చూడ్డానికి ఏం మిగులుతుంది? ‘వైడ్’ పెడితే ఆయన అడ్డంగా సాగి, మరీ బొద్దుగా తయారవుతారు. ఎవరెవరో ఎక్కించిన కాపీల జోలికి పోవద్దు. పట్టుబడకుండా ఉండటానికి ఫ్రేము కోసేస్తారు, గొంతు స్థాయి కూడా మార్చేస్తారు. అసలు ఛానల్‌లోవే చూడండి. స్పీడు 1.25 పెట్టే అలవాటుంటే ఇక్కడ మానుకోండి. నవ్వంతా మాటకీ మాటకీ మధ్య ఉన్న ఆ అర సెకనులో ఉంది.

ఇక మనిషి దగ్గరికొద్దాం. అంజి స్నేహితుడు, సీరియల్ హీరో అమృతరావు వేషం ముందు శివాజీరాజా, తర్వాత నరేష్, ఆ తర్వాత హర్షవర్ధన్ వేశారు. అమృతరావు భార్య సంజీవినిగా కూడా ముఖాలు మారాయి. అంజి మాత్రం మారలేదు. ముగ్గురు అమృతరావులదీ మూడు రకాల వేగం, మూడింటికీ తాళం వేసింది ఈయనే. అమృతరావు డబ్బు సంపాదించే కొత్త పథకం చెబుతుంటే కెమెరా సగంసేపు వినేవాడి మీదే ఉంటుంది. ముందు అనుమానం, తర్వాత ఆశ, ఆ వెంటనే ‘వీణ్ణి నమ్మి మళ్ళీ మునుగుతానేమో’ అన్న భయం. మూడూ ఒకే ముఖంలో ఒక్క మాటా లేకుండా వరసగా దాటిపోతాయి. మాట మొదలయ్యేసరికి గొంతు కాస్త పైకి లేస్తుంది, తగ్గించుకోబోయి ఇంకా లేస్తుంది. దీన్ని అతి అనేవాళ్ళూ ఉన్నారు. ఆ మాట సినిమాల్లో కొన్ని వేషాలకి వర్తిస్తుందేమో గానీ, ఇక్కడ నిలవదు. పక్కన ఇంటి ఓనరు అప్పాజీగా శివన్నారాయణ అంత నింపాదిగా నిలబడి ఉంటే, ఎదుట ఎవరో ఒకరు కంగారు పడాలి కదా! హోటల్ పనివాడు సర్వంగా వాసు ఇంటూరి కూడా ఉన్నాడనుకోండి, వాడిది వేరే లోకం.

టైటిల్ పాట రాసిన సీతారామశాస్త్రి గారు కూడా హీరోని వదిలేసి ఆంజనేలుకే బుద్ధులు చెప్పారు. ఆ ఒక్కటి చాలు, సీరియల్‌లో అంజి స్థానం ఏమిటో తెలియడానికి. హనుమంతరావు టీవీ నంది అవార్డులు మూడు అందుకున్నారు.

ఎలా చూడాలి? వాళ్ళ హోటల్ అమృతవిలాస్ సంగతులు బుర్రకెక్కడానికి మొదటి ఎపిసోడ్లు కొన్ని చూసి, తిన్నగా హర్షవర్ధన్ కాలానికి వెళ్ళిపోండి. అంజికి సరైన జోడీ అక్కడే కుదిరింది. కొన్ని కథలు రెండు మూడు భాగాలుగా సాగుతాయి, పేరు పక్కనున్న భాగం సంఖ్య చూసుకుని మొదలుపెట్టండి. ఒకే రోజు అరడజను చూస్తే మాత్రం పథకం వేయడం, బోల్తా పడటం అన్న వరస ముందే తెలిసిపోయి విసుగొస్తుంది. వారానికొకటి చూడ్డానికి రాసింది, రోజుకి రెండు మించకపోతే మంచిది.

జీ5లో 2020లో వచ్చిన ‘అమృతం ద్వితీయం’ వేరే సరుకు. హనుమంతరావు 2018 ఫిబ్రవరిలో పోయారు, అందులో అంజి ఎల్.బి. శ్రీరామ్. ఆయన గొప్ప నటుడే, కానీ ఆయన అంజిలో తెలివి కనబడిపోతుంది. అంజిని మోసం చేయడం అంత తేలిక్కాదనిపించాక అమృతరావు పథకాలు పండవు. పాతవి చూశాక ఖాళీ ఉంటే చూడండి, దానికోసమే చందా కట్టనక్కర్లేదు.