కరకట్ట, డొంక, బల్లకట్టు: బండి కింద ఎంత ఖాళీ ఉండాలి?

గుంటూరు, విజయవాడ చుట్టుపక్కల ఎస్‌యూవీ వేసుకుని తిరిగేవాళ్లకు కొండలకన్నా డొంకలే గట్టి పరీక్ష. కొండపల్లి ఖిల్లాకి గానీ, కొండవీడు కోటకి గానీ ఘాట్ రోడ్డు ఉంది. మామూలు కారు కూడా హాయిగా ఎక్కేస్తుంది. అదే వాన వెలిశాక నల్లరేగడి పొలాల మధ్య డొంకలోకి దిగితే కథ వేరు. ట్రాక్టర్లు తొక్కీ తొక్కీ రెండు పక్కలా మోకాలి లోతు గాడులు పడతాయి, మధ్యలో మట్టి దిబ్బలా లేచి ఉంటుంది. చక్రాలు గాడుల్లోకి జారగానే బండి పొట్ట ఆ దిబ్బ మీద కూర్చుంటుంది. ఇక నాలుగు చక్రాలూ తిరిగినా లాభం లేదు.

కార్తీక మాసంలో రెండు కుటుంబాలం కలిసి ఇలాంటి దారులన్నీ ఒక చుట్టు చుట్టాం. మాది మూడు డోర్ల మహీంద్రా థార్, మా బావమరిదిది మారుతి జిమ్నీ. హంసలదీవి, ముక్త్యాల, కొండపల్లి, కొండవీడు అనుకున్నాం. బయల్దేరే ముందు బండి కింద ఖాళీ సంగతి తేల్చుకోవాలని నా పట్టుదల. మన ప్రాంతానికి ఏది అవసరం, దేనికి డబ్బు దండగ అనేది ఈ ప్రయాణంలో నాకు బాగా తెలిసొచ్చింది. అందుకే చూసిన చోట్లతో పాటు అదీ వివరంగా రాస్తున్నాను.

థార్‌కు గ్రౌండ్ క్లియరెన్స్, అంటే బండి కింద ఖాళీ, 226 మిల్లీమీటర్లు, జిమ్నీకి 210 అని కంపెనీలు చెబుతాయి. ఆ అంకె బండి మొత్తానికీ వర్తిస్తుందని చాలామంది అనుకుంటారు. ఐఎస్‌ఓ 612 అనే అంతర్జాతీయ ప్రమాణం ప్రకారం, ఒక ఇరుసు మీది రెండు చక్రాల లోపలి అంచుల మధ్య ఎంత దూరం ఉందో చూసి, అందులో నడిమి 80 శాతం మేరకు నేలకి అన్నిటికన్నా దగ్గరగా ఉన్న చోటును కొలుస్తారు. అంటే చక్రాల పక్కనే వేలాడే షాక్ అబ్జార్బర్ అడుగు బ్రాకెట్లు ఆ లెక్కలోకి రాకపోవచ్చు. రాయికి మాత్రం అవీ తగులుతాయి.

కొలవడానికి నేల చదునుగా ఉండాలి. ఇంటి ముందు వాకిలి ఎప్పుడూ కాలవ వైపు వాలుగానే ఉంటుంది కాబట్టి, గుంటూరు మిర్చి యార్డు దారిలో ఒక వేబ్రిడ్జి దగ్గరికి వెళ్లాం. కాటా ప్లాట్‌ఫారం రసమట్టం పెట్టినా తేడా రానంత చదునుగా ఉంటుంది, పైగా బరువూ తెలుస్తుంది. ముందు చక్రాలు మాత్రమే ఎక్కించి ఒకసారి, బండి మొత్తం ఎక్కించి ఒకసారి తూకం వేయిస్తే, తీసివేతతో వెనక ఇరుసు మీద ఎంత బరువు పడుతోందో వచ్చేస్తుంది. టైర్లలో గాలి డోరు పక్క స్టిక్కర్ మీద రాసినంత పట్టించి, వడ్రంగి వాడే మూలమట్టం నేల మీద నిలబెట్టి, టార్చి వేసి కొలిచాం. ముందు ఖాళీ బండికి, తర్వాత మనుషులూ సామానూ ఎక్కాక.

థార్ వెనక క్రౌన్ హౌసింగ్ అడుగు, అంటే ఇరుసు మధ్యలో గుండ్రంగా ఉబ్బినట్టుండే భాగం, సామాను ఎక్కించాక కూడా ఇంచుమించు అక్కడే ఉంది. మూడు నాలుగు మిల్లీమీటర్లు తగ్గిందంతే. వెనక బంపర్ మాత్రం నాలుగు సెంటీమీటర్లకు పైగా కిందికి దిగింది. కారణం చెబితే చిన్న విషయమే. థార్ వెనక ఇరుసు ఈ చక్రం నుంచి ఆ చక్రం దాకా ఒకటే దూలం. క్రౌన్ ఆ ఇరుసు మీదే ఉంటుంది, ఇరుసు టైర్ల మీద ఉంటుంది. వీటి మధ్య స్ప్రింగ్ అంటూ లేదు. బాడీ ఒక్కటే స్ప్రింగుల మీద కూర్చుంటుంది కాబట్టి బరువు పడితే కుంగేది అదే. జిమ్నీకి ముందూ వెనకా రెండూ ఇలాంటి ఇరుసులే. థార్ ముందు చక్రాలు దేనికది విడిగా కదిలేవి, అందుకని అక్కడ ఇంజిన్ కింది భాగం బరువుతో పాటు దిగుతుంది.

దీన్నిబట్టి స్ప్రింగుల మీద ఎన్ని అంగుళాల లిఫ్ట్ (బాడీ ఎత్తు పెంచే మార్పు) వేయించినా వెనక క్రౌన్ వెంట్రుకవాసి కూడా లేవదు. దాన్ని లేపగలిగేది టైరు ఒక్కటే, అదీ పెరిగిన టైరు ఎత్తులో సగమే. 245/75 ఆర్16 టైరు ఎత్తు సుమారు 774 మిల్లీమీటర్లు. 265/75 ఆర్16 వేస్తే 804. తేడా 30, కింద పెరిగే ఖాళీ 15. అంతటికీ స్పీడోమీటర్ 80 చూపిస్తుంటే అసలు వేగం 83 దాటుతుంది, స్టీరింగ్ పూర్తిగా తిప్పినప్పుడు లోపలి ప్లాస్టిక్‌కు రాసుకుంటుందేమో కూడా చూసుకోవాలి.

మరి లిఫ్ట్ దేనికి పనికొస్తుందంటే పొట్టకీ బంపర్లకీ. బండి గట్టు ఎక్కేటప్పుడు ముందు బంపర్ తగలని కోణం అప్రోచ్, దిబ్బ దాటేటప్పుడు పొట్ట తగలనిది బ్రేకోవర్, దిగేటప్పుడు వెనక తగలనిది డిపార్చర్. థార్‌కు ఇవి సుమారు 41, 26, 36 డిగ్రీలు. జిమ్నీకి ముందు 36, మధ్యలో 24, వెనక వైపు మాత్రం థార్ కన్నా మెరుగు. జిమ్నీ చిన్న బండి కదా, మధ్య కోణం ఎందుకు తక్కువంటే, అయిదు డోర్ల జిమ్నీ చక్రాల మధ్య దూరం 2590 మిల్లీమీటర్లు, థార్‌ది 2450. ఈ దూరం పెరిగేకొద్దీ పొట్ట తగిలే అవకాశం పెరుగుతుంది.

ఈ లెక్కలతో విజయవాడ ఆటోనగర్‌కు వెళ్లాం. లారీ బాడీల దగ్గర్నుంచి కమాన్ పట్టీల దాకా అక్కడ దొరకని పని లేదు. మొదట వెళ్లిన షాపువాళ్లు బండి చూడగానే రెండంగుళాల స్పేసర్లు (ఎత్తు పెంచడానికి స్ప్రింగుల దగ్గర పెట్టే దిమ్మలు) వేసేద్దాం, గంటన్నర పని అన్నారు. వేశాక అలైన్‌మెంట్ సంగతి అడిగితే అక్కర్లేదన్నారు. అక్కడితో లేచి వచ్చేశాం. ముందు చక్రాల కోణాలు మారాక అలైన్‌మెంట్ చేయించకుండా కుటుంబాన్ని ఎక్కించుకుని హైవే ఎక్కడం ఎంత ప్రమాదమో పనివాళ్లకు తెలియనిది కాదు.

రెండో షాపులో పెద్దాయన తీరు వేరు. స్పేసర్లు వేసుకుని తిరిగిన ఇంకో బండి షాపులో జాకీల మీద పైకెత్తి ఉంటే మమ్మల్ని దాని కిందికి పిలిచి టార్చి వేసి చూపించారు. ముందు చక్రాన్ని తిప్పే డ్రైవ్ షాఫ్ట్ చివర, చక్రం దగ్గర, మడతలు మడతలుగా రబ్బరు బూటు ఉంటుంది. బండి ఎత్తు పెరగడంతో షాఫ్ట్ ఏటవాలుగా వంగి, ఒక పక్క మడతలు ఒకదానికొకటి నలిగి చీలాయి. ఆ చీలికలోంచి గ్రీజు చిమ్మి చక్రం లోపలంతా నల్లగా అట్ట కట్టింది, దానికి ఇసుక అంటుకుని ఉంది. "ఈ ఇసుక లోపలికి పోతే జాయింట్ మొత్తం మార్చాలి సార్. జిమ్నీకైతే ఈ బాధ వేరే రకం. లిఫ్ట్ వేస్తే క్యాస్టర్, అంటే ముందు చక్రాల వాలు కోణం, తగ్గి స్టీరింగ్ పట్టు దొరకదు, ఇరుసు ఒక పక్కకి జరుగుతుంది, దానికి వేరే రాడ్ వేయాలి" అన్నారాయన. బ్రేక్ హోసు పొడవు, ప్రొపెల్లర్ షాఫ్ట్ కోణం, హెడ్‌లైట్ల ఎత్తు, ఇవన్నీ మళ్లీ చూసుకోవాలనీ చెప్పారు.

ఆయన సలహా మీద లిఫ్ట్ ఆలోచన మానేశాం. నా టైర్లు బాగా అరిగి ఉన్నాయి. అదే సైజులో మట్టికీ తారుకీ పనికొచ్చే కొత్త ఆల్ టెర్రెయిన్ టైర్లు వేయిస్తే ట్రెడ్ లోతు వల్లే 7, 8 మిల్లీమీటర్లు తిరిగి వచ్చాయి. బావమరిది జిమ్నీకి 195/80 ఆర్15 నుంచి 215/75 ఆర్15కి వెళ్దామనుకున్నాడు. లెక్క వేస్తే దక్కేది 5 మిల్లీమీటర్లే అని తేలి తనూ పాత సైజుకే ఉండిపోయాడు. ఇంజిన్ కింద మందపాటి స్టీల్ స్కిడ్ ప్లేట్ బిగించాం. అది నాలుగైదు మిల్లీమీటర్లు తనే తినేస్తుంది, నిజమే. కానీ తగిలినప్పుడు చిక్కుకోకుండా జారిపోయేలా చేస్తుంది, డొంకల్లో కావాల్సింది ఆ జారుడే. పైన క్యారియర్ మీది సామాను తగ్గించి కిందికి దించాం. కంపెనీ చెప్పిన కొలతలకు విరుద్ధంగా బండిని మార్చడాన్ని మోటారు వాహనాల చట్టం 52వ సెక్షన్ ఒప్పుకోదు. ఏ మార్పు చేయించాలన్నా ముందు సర్వీస్ సెంటర్‌నీ ఇన్సూరెన్స్ వాళ్లనీ రాతపూర్వకంగా అడగడం మంచిది. ముందు బుల్ బార్లు (బంపర్‌కు అడ్డంగా వేసే ఇనప చట్రాలు) బిగించడం మీద చర్య తీసుకోమని కేంద్రం 2017 డిసెంబరులోనే రాష్ట్రాలకు లేఖ రాసింది, వాటి జోలికి పోవద్దు.

విజయవాడలో ముందు బుక్ చేసిన హోటల్ గదులు బాగానే ఉన్నాయి గానీ, పార్కింగ్ సెల్లార్ ర్యాంపు నిటారుగా ఉంది, ఎత్తు కూడా తక్కువ. క్యారియర్ ఉన్న బండి లోపలికి పట్టలేదు. రోడ్డు మీద వదిలేసి రాత్రంతా టెన్షన్ పడటం ఇష్టం లేక భవానీపురంలో కృష్ణ ఒడ్డున ఉన్న పర్యాటక శాఖ హరిత బెర్మ్ పార్కుకు మారాం. పెద్ద బండ్లతో వచ్చేవాళ్లకు నేను అదే చెబుతాను. కిటికీ తీస్తే నది, బండ్లు ఆరుబయట కళ్లముందే ఉంటాయి. పొద్దున్నే గాంధీనగర్ బాబాయ్ హోటల్లో వెన్న వేసిన ఇడ్లీలు తిని కరకట్ట ఎక్కాం.

యనమలకుదురు మీదుగా అవనిగడ్డ దాకా కరకట్ట ప్రయాణం ఈ యాత్ర మొత్తంలో నాకు ఎక్కువ నచ్చింది. ఒక పక్క కృష్ణ, లంకల్లో పసుపు, అరటి తోటలు, ఇంకో పక్క పల్లెలు. దారి చాలాచోట్ల ఇరుకు. ఎదురుగా గడ్డి ట్రాక్టర్ వస్తే ఒక పక్క చక్రాలు అంచుకి దించాల్సిందే. అలా ఒరిగినప్పుడు, లిఫ్ట్ వేయించి బరువును ఇంకా పైకి ఎత్తకపోవడం ఎంత మంచిదైందో అనిపించింది. అవనిగడ్డలో బస పెద్దగా లేదు. మేం దిగిన చిన్న లాడ్జి శుభ్రంగా ఉంది, వెనక విశాలమైన ఖాళీ స్థలం ఉంది, అంతకుమించి ఆశించొద్దు.

హంసలదీవిలో వేణుగోపాలస్వామిని దర్శించుకుని పాలకాయతిప్ప వెళ్లాం. గట్టి నేల అయిపోయిన చోటే బండ్లు ఆపేసి నడిచాం. ఫోర్ వీల్ డ్రైవ్ ఉంది కదా అని తీరం మీదికి ఎక్కించేవాళ్లను చూస్తే నాకు బాధేస్తుంది. జనవరి నుంచి ఆలివ్ రిడ్లే తాబేళ్లు ఆ ఇసుకలోనే గుడ్లు పెడతాయి. బండి చక్రం కింద ఆ గూడు పోయిందని మనకు తెలియను కూడా తెలియదు. కృష్ణ సముద్రంలో కలిసే చోటుకి వెళ్లాలంటే అటవీ శాఖ వాళ్లను అడిగి వెళ్లండి. దారిలో ఇసుక మేట వేసిన ఒక చోట టైర్ల గాలి 32 పీఎస్‌ఐ నుంచి 20కి తగ్గించి దాటాం. గాలి తగ్గితే కింద ఖాళీ కూడా కాస్త తగ్గుతుంది, కానీ టైరు వెడల్పుగా పరుచుకుని ఇసుకలో దిగబడదు. మళ్లీ నింపుకోవడానికి చిన్న కంప్రెసర్ దగ్గరుండాలి, అక్కడ పంక్చర్ షాపులు దూరం.

అసలు డొంక అమరావతి దాటి అచ్చంపేట వైపు వెళ్తుంటే తగిలింది. చప్టా మీద నీళ్లు పారుతున్నాయని పత్తి చేల మధ్యగా మళ్లించారు. గాడులు చూసి దిగి నిలబడితే, పత్తి తీయించుకుంటున్న ఒక రైతు గట్టు మీదికి వచ్చాడు. "గాడిలో పెట్టొద్దు బాబూ, ఒక చక్రం దిబ్బ మీద, ఒకటి చేను అంచున పెట్టి మెల్లగా పోండి, బ్రేకు మీద కాలేయొద్దు" అన్నాడు. ముందు నా భార్య నడుస్తూ చేత్తో దారి చూపించింది. చివర్లో డొంక ఇరుకై గాడిలోకి దిగక తప్పలేదు. కింద సర్రుమని రాపిడి వినిపించింది, బండి మాత్రం ఆగలేదు. దాటాక దిగి చూస్తే దిబ్బ నెత్తిన క్రౌన్ హౌసింగ్ వెడల్పున నున్నటి చార, తాపీతో మెత్తినట్టు మెరుస్తోంది. వెనక వచ్చిన జిమ్నీ చారలు రెండు. ఇంకో రెండు వేళ్ల ఎత్తు దిబ్బ ఉంటే ట్రాక్టర్‌ను పిలవాల్సి వచ్చేది.

మాదిపాడు రేవులో బల్లకట్టు ఎక్కి కృష్ణ దాటి ముక్త్యాల చేరాం. అక్కడ చూడాల్సింది అప్రోచ్, డిపార్చర్ కోణాల పని. ఒడ్డు ఏటవాలుగా దిగి, వెంటనే చెక్కల మీదుగా బల్లకట్టు పైకి లేస్తుంది. మా ముందున్న చిన్న కారు వెనక బంపర్ నేలకు రాసుకుంటే పనివాళ్లు చక్రాల కింద చెక్కలు పెట్టి, అందరినీ దించి ఎక్కించారు. మా రెండు బండ్లూ చెక్కలు లేకుండానే ఎక్కాయి. వరద రోజుల్లో బల్లకట్టు ఆపేస్తారు, బయల్దేరే ముందు కనుక్కోవాలి. ముక్త్యాలలో భవానీ ముక్తేశ్వరస్వామి గుడి దగ్గర నది ప్రశాంతంగా ఉంటుంది, ఓ పూట ఉండొచ్చు.

కొండపల్లి ఖిల్లా, పొనికి చెక్క బొమ్మల షాపులు అందరికీ తెలిసినవే. పిల్లలకు బొమ్మల తయారీ దగ్గరుండి చూపించండి. చుట్టూ ఉన్నది రిజర్వ్ ఫారెస్ట్, అనుమతి లేకుండా మట్టి దారుల్లోకి బండి తిప్పకూడదు. నా లెక్కలో కొండవీడు ఇంకా మంచిది. రెడ్డి రాజుల రాజధాని, 1515లో కృష్ణదేవరాయలు గెలుచుకున్న దుర్గం. పైన చెరువుల గట్టు మీద సాయంత్రం దాకా కూర్చోవచ్చు. తినడానికి కావాల్సింది కిందనుంచే తీసుకెళ్లండి.

గుంటూరు వచ్చాక వాటర్ సర్వీసింగ్‌లో అడుగు భాగం కడిగించడానికే పైభాగం కన్నా ఎక్కువ సేపు పట్టింది. రేగడి ఆరితే రాయిలా బిగుస్తుంది, చక్రం లోపల ఒక పక్కే ఉండిపోతే స్పీడులో స్టీరింగ్ ఊగుతుంది. క్రౌన్ ఆయిల్ కూడా మూత విప్పించి చూశాం. నీళ్లు చేరితే అది పాలు కలిపిన టీలా మారుతుంది, అప్పుడు వెంటనే మార్పించాలి. మా రెండు బండ్లలోనూ శుభ్రంగానే ఉంది. స్కిడ్ ప్లేట్ ముందు బోల్టు ఒకటి వదులైతే బిగించారు.