బ్లడ్ మూన్ లెక్క తెలిస్తే ఈ ఆట రుచే వేరు: స్విచ్‌లో బ్రెత్ ఆఫ్ ద వైల్డ్

2017 మార్చి 3న వచ్చిన ఆట ఇది. ఇప్పుడు కొత్తగా స్విచ్ అనే నింటెండో గేమ్ కన్సోల్ కొనేవాళ్లు ఎవరడిగినా ముందు దీని పేరే చెబుతాను. హైరూల్ అనే ఆ లోకంలో కొన్ని రాత్రులు చంద్రుడు ఎర్రగా వస్తాడు. అర్ధరాత్రి దగ్గరపడేసరికి నేలలోంచి నిప్పురవ్వలు పైకి లేస్తాయి, సరిగ్గా పన్నెండింటికి మీరు చంపిన రాక్షసులంతా బతికేస్తారు. అదే బ్లడ్ మూన్. పడ్డ కష్టమంతా నీళ్లపాలైందని చాలామంది విసుక్కునేది దీని దగ్గరే. కానీ ఈ ఆటలో కత్తులు, డాళ్లు, విల్లులు వాడేకొద్దీ విరిగిపోతాయి. కొత్తవి రావాలంటే వాటిని పట్టుకున్న రాక్షసులు మళ్లీ లేవాలి. బ్లడ్ మూన్ లేకపోతే యాభై గంటల తర్వాత హైరూల్‌లో చెట్టుకొమ్మలు తప్ప ఏమీ మిగలవు.

ఇది ఎప్పుడొస్తుందో పంచాంగం చూసి చెప్పేది కాదు, తిథితో పనే లేదు. ఆటలో ఒక నిమిషం మనకు ఒక సెకను, ఒక రోజు 24 నిమిషాలు. అలాంటి ఏడు రోజులు, అంటే 2 గంటల 48 నిమిషాలు ఆడాక లెక్క నిండుతుంది. ఆ తర్వాత వచ్చే మొదటి అర్ధరాత్రి బ్లడ్ మూన్. మెనూ తెరిచి పెట్టిన సమయం ఇందులోకి రాదు. మంట దగ్గర కూర్చున్నా, సత్రంలో పడుకున్నా గడియారం ముందుకు జరుగుతుంది గానీ ఈ లెక్క జరగదు. వరసగా ఏడు రాత్రులు పడుకుని లేచి 'ఇంకా రాలేదేంటి' అనుకునేవాళ్లు పొరపడేది ఇక్కడే. లెక్క నిండిందనుకున్నాక మాత్రం మంట పనికొస్తుంది: రాత్రిదాకా కూర్చుంటే తొమ్మిదింటికి లేస్తారు, అక్కడి నుంచి అర్ధరాత్రికి మన లెక్కలో మూడు నిమిషాలే.

తిరిగొచ్చేవి ఏవంటే, మామూలు రాక్షసులు, లైనెల్, హైనాక్స్ లాంటి పెద్దవి, బయట నేల మీద దొరికే ఆయుధాలు. బల పరీక్ష పెట్టే గుళ్ల (ష్రైన్‌ల) లోని యంత్రాలు కూడా ఆయుధాలతో సహా లేస్తాయి కాబట్టి మంచి కత్తులకు అవే ఖాయమైన చోటు. ఒకసారి తెరిచిన పెట్టెలు మాత్రం నిండవు, కథలో వచ్చే ప్రధాన బాస్‌లు తిరిగి రారు. ఇంకో సంగతి, మీరు చంపేకొద్దీ ఆట లోపల లెక్క కట్టుకుంటూ ఉంటుంది. అందుకే మొదట్లో ఎర్రగా ఉన్న బొకోబ్లిన్ అనే మామూలు రాక్షసి కొన్నాళ్లకు నల్లగా, ఆ తర్వాత వెండి రంగులో లేస్తుంది. అప్పుడే ఖాళీ చేసిన శిబిరం మధ్యలో పదకొండున్నరకు నిలబడి ఉండకండి. బ్లడ్ మూన్ వచ్చేటప్పుడు నడిచే సీన్ అయిపోగానే లేచిన రాక్షసులందరి మధ్యా ఉంటారు.

అసలు విందు వంట దగ్గరుంది. బ్లడ్ మూన్ రాత్రి 11:30 నుంచి 12:15 దాకా కుండలో ఏం వేసినా అదనపు ఫలం ఖాయం. మామూలు రోజుల్లో ఒకే రకం దినుసుతో వండితే దానికి 5 శాతమే అవకాశం, అయిదు రకాలు కలిపినా 25 శాతం. మైటీ బనానా అనే అరటిపళ్లు అయిదు వేస్తే దాడి బలం పై స్థాయిలో 4 నిమిషాల 10 సెకన్లు ఉంటుంది. ఆ రాత్రి వండితే మూడు గుండెలు (ఆటలో ప్రాణానికి కొలత) ఎక్కువ నింపుతుంది, లేదా 5 నిమిషాలు కలిసి 9:10 అవుతుంది. మూడే అరటిపళ్లు వేస్తే మధ్య స్థాయి వస్తుంది కదా, అదృష్టం ఉంటే అదే పై స్థాయికి ఎక్కుతుంది. ఒక్క హార్టీ డూరియన్ పండు మామూలుగా పూర్తి ఆరోగ్యంతో పాటు నాలుగు పసుపు గుండెలు, అంటే హద్దుకు మించిన ప్రాణం, ఇస్తుంది, ఆ రాత్రి అయిదు.

ఈ 45 నిమిషాలంటే మనకు 45 సెకన్లే. ముందే కుండ దగ్గర నిలబడి ఉండాలి. దినుసులు ఎంచేటప్పుడు మెనూలో గడియారం ఆగుతుంది కాబట్టి కంగారు అక్కర్లేదు, వంట సీన్ మాత్రం ప్రతిసారీ దాటేయండి. వండినవి 60కి మించి పట్టవు, పాతవి ముందే తినేయండి. ఆరుబయట కట్టెలతో మీరు వేసుకున్న మంట వానొస్తే ఆరిపోతుంది, గుర్రాలశాల దగ్గరి కుండలు మేలు. ఇక వాషాస్ బ్లఫ్ దగ్గరి పీఠం మీద ఒంటి మీద దుస్తులన్నీ తీసేసి నిలబడితే తెరుచుకునే గుడి కూడా ఈ రాత్రికే. రెండు పనులూ ఒకే రాత్రి పెట్టుకోకండి.

పట్టపగలు ఒక్కసారిగా బ్లడ్ మూన్ వస్తే లెక్క తప్పిందనుకోవద్దు. మెమరీ నిండిపోతున్నప్పుడు ఆట కుప్పకూలకుండా లోకాన్ని మొత్తం తిరగరాసుకునే ఏర్పాటది.

లోపాలూ ఉన్నాయి. బ్లడ్ మూన్ సీన్ ప్రతిసారీ ఒకటే. టీవీ మీద 900పీ, చేతిలో 720పీ, సెకనుకు 30 ఫ్రేములు, కొరోక్ అడవిలో అవీ తగ్గుతాయి. తెలుగు లేదు, పిల్లలకు ఇంగ్లీషు చదవడం రావాలి.

కొనే ముందు బెజవాడవాళ్లు చూసుకోవాల్సినవి కొన్ని. స్విచ్ మన దేశంలో అధికారికంగా విడుదల కాలేదు, దిగుమతి సరుకే దొరుకుతుంది, వారంటీ విషయం దుకాణంలోనే రాయించుకోండి. ఆట ఉండే చిన్న కార్డుకి, అంటే కార్ట్రిడ్జ్‌కి, దేశం గొడవ లేదు. సేవ్‌లు కన్సోల్‌లోనే ఉంటాయి కాబట్టి సెకండ్ హ్యాండ్ కార్ట్రిడ్జ్ నిశ్చింతగా తీసుకోవచ్చు. చార్జర్ 100 నుంచి 240 వోల్టులకు సరిపోతుంది, పిన్ మార్చుకుంటే చాలు. టీవీకి కలిపే స్టాండుకి, అంటే డాక్‌కి మాత్రం 15 వోల్టులివ్వని ఫోన్ చార్జర్ పెట్టకండి, టీవీలో బొమ్మ రాదు. మోడల్ నంబరు హెచ్‌ఏసీ-001 పక్కన బ్రాకెట్లో -01 ఉంటే 2019లో వచ్చిన మెరుగైన బ్యాటరీ, ఈ ఆట అయిదున్నర గంటలు నడుస్తుంది. పాతదైతే మూడు గంటలు, అంటే ఒక బ్లడ్ మూన్‌కి సరిగ్గా చాలుతుంది. కంపెనీ చెప్పే వేడి హద్దు 35 డిగ్రీలు. రోహిణి కార్తె మధ్యాహ్నాల్లో ఏసీ లేని గదిలో డాక్‌లో పెట్టి గంటల తరబడి ఆడించకండి, ఆ రెండు వారాలు పొద్దుగూకాక మొదలుపెట్టండి.