ఈఎస్‌పీఎన్ డైలీ: రోజుకో ఆట కథ, రాత్రి భోజనాల దగ్గర మళ్ళీ

2020 మార్చిలో లాక్‌డౌన్ పడ్డప్పుడు మా ఇంట్లో అందరికంటే ఎక్కువ ఇబ్బంది పడింది నాన్న. ఆర్టీసీలో రిటైర్ అయిన మనిషి, రాత్రి టీవీలో మ్యాచ్ ఉంటే చాలు ఇంకేమీ అడగరు, అలాంటిది ఆ ఏడాది ఐపీఎల్ వాయిదా పడింది, చూసిన మ్యాచ్‌లే మళ్ళీ మళ్ళీ వేస్తున్నారు. అప్పుడు డాలస్‌లో ఉండే మా పెద్దమ్మ కొడుకు ఫోన్ చేసి, ఇక్కడా ఆటలు బంద్, నేనైతే ఇది వింటున్నా నువ్వూ విను అని ఈఎస్‌పీఎన్ డైలీ పాడ్‌కాస్ట్ లింక్ పంపాడు. అలా మొదలైంది. మూడున్నరేళ్ళు దాదాపు రోజూ విన్నాను, ఆ తర్వాత అప్పుడప్పుడు, పాతవి ఇప్పటికీ వింటూనే ఉన్నాను. ఇన్నాళ్ళు విన్నాక రాస్తున్న సమీక్ష ఇది.

ముందు ఇదేంటో చెప్తాను. 2019 అక్టోబర్‌లో మొదలైన పాడ్‌కాస్ట్, వారంలో పనిరోజులన్నీ వచ్చేది, ఒక్కోటి ఇంచుమించు అరగంట. రోజుకి ఒకటే కథ. స్కోర్లు చదవడం, నలుగురు కూర్చుని ఎవరు గొప్ప అని వాదించుకోవడం ఉండదు. ఆ విషయం మీద తిరిగి, ఫోన్లు చేసి, కాగితాలు చదివిన విలేకరిని పిలిచి కూర్చోబెట్టి మొదటి నుంచి అడుగుతారు. అప్పుడేమైంది, ఆ గదిలో ఎవరెవరున్నారు, ఈ మాట మీకెలా తెలిసింది. ఈ చివరి ప్రశ్నే నన్ను పట్టుకుంది. మనం టీవీలో వినే క్రీడావార్తల్లో ఈ ప్రశ్న ఎవరైనా అడగ్గా నేను వినలేదు.

నాన్నకి అమెరికా ఇంగ్లిష్ అందదు. అందుకని పగలు డాబా మీద నడుస్తూ నేను వినేదాన్ని, రాత్రి అన్నం తినేటప్పుడు ఆయనకి తెలుగులో చెప్పేదాన్ని. "ఏం బిడ్డా, ఇయ్యాల ఏం కథ?" అని కంచం ముందు కూర్చోగానే అడిగేవారు. నా దృష్టిలో ఈ పాడ్‌కాస్ట్‌కి అసలు పరీక్ష అదే అయింది. బేస్‌బాల్ బ్యాట్ ఎప్పుడూ చేత్తో పట్టుకోని మనిషికి కథ చెప్పి, ఆయన చెయ్యి కంచంలో ఆగిపోయిందంటే ఎపిసోడ్ బాగున్నట్టు.

అలా ఆగిన మొదటి కథ హ్యూస్టన్ ఆస్ట్రోస్ అనే బేస్‌బాల్ జట్టు చెత్తడబ్బా. బేస్‌బాల్‌లో బంతి విసిరేవాడికి, బ్యాటర్ వెనక కూర్చున్న క్యాచర్ వేళ్ళతో సైగ చేస్తాడు, ఏ రకం బంతి వెయ్యాలో. 2017లో ఆస్ట్రోస్ వాళ్ళు మైదానం అవతలి వైపు నుంచి కెమెరాతో ఆ సైగలు చూసి, డగౌట్ వెనకాల పెట్టిన తెరలో చదివి, చెత్తడబ్బా మీద దబదబా కొట్టి తమ బ్యాటర్‌కి చెప్పేవాళ్ళు. డబ్బా మోగితే నెమ్మది బంతో వంపు బంతో వస్తున్నట్టు, మోగకపోతే వేగం బంతి. ఆ ఏడాది వాళ్ళే వరల్డ్ సిరీస్, అంటే అక్కడి బేస్‌బాల్ టైటిల్, గెలిచారు. నాన్న వెంటనే అందుకున్నారు. "అంటే వార్న్ లెగ్‌స్పిన్ వేస్తడా ఫ్లిప్పర్ వేస్తడా అని పెవిలియన్‌ల నుంచి డబ్బా కొట్టి చెప్పినట్టు గదా! అట్లైతే నేను గూడ సిక్స్ కొడ్త." ఆయనకి బేస్‌బాల్ మొత్తం ఆ ఒక్క పోలికతో అర్థమైపోయింది. శిక్ష దగ్గరికి వచ్చేసరికి మాత్రం కోపం వచ్చింది. 2020 జనవరిలో మేనేజర్‌నీ జనరల్ మేనేజర్‌నీ ఏడాది సస్పెండ్ చేశారు, జట్టు ఆ రోజే ఇద్దర్నీ తీసేసింది, 50 లక్షల డాలర్ల జరిమానా వేశారు. కానీ నిజం చెప్తే శిక్ష ఉండదని ముందే మాటిచ్చారు కాబట్టి ఆటగాళ్ళకి ఏమీ కాలేదు, టైటిల్ కూడా వెనక్కి తీసుకోలేదు. టైటిల్ ఎందుకు తీసుకోలేదని నాన్న నన్ను మూడు రోజులు అడిగారు, నేనేదో ఆ లీగ్ కమిషనర్ అయినట్టు. నేను ఆ కథ మీద ఇంకో రెండు ఎపిసోడ్లు వెతికి వినాల్సి వచ్చింది.

ఇంకొకటి అమెరికా బాస్కెట్‌బాల్ క్రీడాకారిణి బ్రిట్నీ గ్రైనర్ కథ. రోజూ వచ్చే కార్యక్రమం బలమేంటో నాకు తెలిసింది దీంతోనే. 2022 ఫిబ్రవరిలో ఆమెని మాస్కో విమానాశ్రయంలో పట్టుకున్నారు, సామానులో గంజాయి నూనె గొట్టాలు దొరికాయని. ఆగస్టులో తొమ్మిదేళ్ళ శిక్ష. డిసెంబర్ 8న ఆయుధాల వ్యాపారి విక్టర్ బౌట్‌ని రష్యాకి ఇచ్చి ఆమెని విడిపించుకున్నారు. ఈ మూడు తేదీలు ఏ వార్తలో అయినా దొరుకుతాయి. వాటి మధ్య నెలల్లో ఏం జరిగింది, కోర్టులో ఆమెని బోనులో ఎలా నిలబెట్టారు, ఇంటివాళ్ళు మొదట ఎందుకు నోరు మూసుకుని ఉండాల్సి వచ్చింది అనేవి మాత్రం ఒక్క రోజు వార్తలో పట్టవు. అసలు ఆమె రష్యాకి ఎందుకు వెళ్ళింది అన్న దగ్గర మా అమ్మ కూడా వంటింట్లోంచి వచ్చి కూర్చుంది. అమెరికా ఆడవాళ్ళ లీగ్‌లో అప్పుడు ఎంత పెద్ద క్రీడాకారిణికైనా జీతం ఏడాదికి సుమారు 2 లక్షల 28 వేల డాలర్లు దాటదు. మగవాళ్ళ లీగ్‌లో స్టెఫ్ కర్రీకి ఆ సీజన్‌కి 4.5 కోట్ల డాలర్ల పైనే. రష్యా క్లబ్బు గ్రైనర్‌కి ఇంట్లో ఇచ్చేదానికి ఎన్నో రెట్లు ఇచ్చేది, అందుకే సెలవుల్లో విశ్రాంతి తీసుకోకుండా అంత చలిలోకి వెళ్ళి ఆడేది. "ఒలింపిక్ బంగారు పతకం తెచ్చిన పిల్ల పొట్టకూటికి పరాయిదేశం పోవాలా?" అంది అమ్మ. ఆ తర్వాత ప్రతి వారం అడిగేది, ఆ పిల్ల వచ్చిందా అని. వచ్చిన రోజు నేను చెప్పకముందే టీవీలో చూసి నాకు ఆఫీసుకి ఫోన్ చేసింది.

2023 జనవరి 2న ఫుట్‌బాల్ మైదానంలో డమార్ హామ్లిన్ కుప్పకూలిన సంగతి కూడా మా ఇంట్లో గట్టిగా నడిచింది. అమెరికన్ ఫుట్‌బాల్, బంతిని చేత్తో పట్టుకుని పరిగెత్తేది. ఎదుటివాడిని ఆపబోయి ఛాతీకి దెబ్బ తగిలింది, లేచి నిలబడ్డాడు, పడిపోయాడు. గుండె రెండు కొట్టుకోవడాల మధ్య ఒక చిన్న క్షణంలో దెబ్బ పడితే అది ఆగిపోవచ్చట, అక్కడికక్కడే ఛాతీ నొక్కి సీపీఆర్ చేశారు కాబట్టి బతికాడు, ఆ ఏడాదే మళ్ళీ ఆడాడు. ఆ తర్వాత మా ఆఫీసులో సీపీఆర్ శిక్షణ పెట్టినప్పుడు నేను మొదటి వరసలో కూర్చున్నాను. ఇది పాడ్‌కాస్ట్ గొప్ప అని చెప్పను గానీ, ఆ అరగంట వినకపోతే నేను పేరు ఇచ్చేదాన్ని కాదు.

ఇక అన్నం చల్లారకుండానే ముగిసిపోయిన కథలు కూడా చాలా ఉన్నాయి. డ్రాఫ్ట్ రోజులు, అంటే జట్లు కొత్త ఆటగాళ్ళని వంతులవారీగా ఎంచుకునేవి, ఏ ఆటగాడు ఏ జట్టుకి మారాడు, జీతాల పరిమితి లెక్కలు, కాలేజీ ఫుట్‌బాల్ కోచ్‌ల మార్పులు. ఈఎస్‌పీఎన్ విలేకరి బ్రియాన్ విండ్‌హోర్స్ట్ బాస్కెట్‌బాల్ బేరసారాల గురించి చెప్తుంటే ఆయన ఉత్సాహం నాకు బాగుంటుంది కానీ ఆ జట్ల చరిత్ర తెలియని వాళ్ళకి సగం పైనే జారిపోతుంది. వారంలో ఒకటో రెండో ఇలాంటివి వచ్చేవి, నేను మొదటి మూడు నిమిషాలు విని వదిలేసేదాన్ని. ఇది అమెరికా శ్రోతల కోసం చేసింది. క్రికెట్ కోసం దీని దగ్గరికి వెళ్ళొద్దు. టోక్యో ఒలింపిక్స్‌లో నేను సింధు కాంస్యం గురించి ఎవరైనా మాట్లాడతారా అని చూస్తూ ఉంటే నాకు దొరికింది జిమ్నాస్ట్ సిమోన్ బైల్స్ కథ, గాలిలో మెలికలు తిరిగేటప్పుడు తన శరీరం ఎక్కడుందో తనకే తెలియకపోవడం ఎంత ప్రమాదమో. ఆ కథ ముందు నేను వెతికింది మర్చిపోయాను, అది వేరే సంగతి.

హోస్ట్‌ల గురించి. మొదట్లో మీనా కైమ్స్ ఉండేది, ప్రశ్న చిన్నగా అడిగి పక్కకి తప్పుకుంటుంది, నాకు ఆమే ఎక్కువ ఇష్టం. 2020లోనే పాబ్లో టోరే వచ్చాడు. ఈయన వేగం ఎక్కువ, సరదా ఎక్కువ, వాక్యం మధ్యలో ఇంకో వాక్యం పెడతాడు, మొదటి రెండు నెలలు నేను వేగం తగ్గించి విన్నాను. అలవాటయ్యాక తెలిసింది, ఆటకి పక్కనున్న డబ్బు, రాజకీయం, కోర్టు వ్యవహారం తవ్వడంలో ఆయనకి ఓపిక ఎక్కువని. 2023లో ఆయన వేరే కార్యక్రమానికి వెళ్ళిపోయాక నా వినడం కూడా తగ్గింది. రోజూ వినేదానికి గొంతు అలవాటైపోతుంది, ఇంట్లో మనిషి గొంతులాగా.

సమయం మాత్రం మనకి భలే కుదిరేది. అక్కడి తెల్లవారుజాము అంటే మనకి మధ్యాహ్నం, సాయంత్రం ఇంటికి బయల్దేరేసరికి ఫోన్లో సిద్ధంగా ఉండేది. ఆఫీసులు తెరిచాక రాయదుర్గంలో మెట్రో ఎక్కి పెట్టుకుంటే పరేడ్ గ్రౌండ్ వచ్చేసరికి అయిపోయేది, అక్కణ్ణుంచి తార్నాక దాకా ఇది నాన్నకి ఎక్కడ మొదలుపెట్టి చెప్పాలా అని ఆలోచించుకునేదాన్ని. ఒక్క జాగ్రత్త చెప్తాను, దాచుకున్నవి ఒక యాప్‌ని నమ్మి వదిలేయకండి. ఫోన్ మార్చినప్పుడు నాకు నచ్చి గుర్తు పెట్టుకున్న 40 ఎపిసోడ్ల జాబితా మొత్తం పోయింది, ఇప్పుడు పేర్లు నోట్‌బుక్‌లో రాసుకుంటున్నాను.

ఒకరోజు చెప్పడానికి ఏమీ లేదు, డ్రాఫ్ట్ ఎపిసోడ్. నాన్న, "అయితే ఇయ్యాల నేను చెప్త, విను" అన్నారు. రహీం సాబ్ కథ. మన హైదరాబాద్ సయ్యద్ అబ్దుల్ రహీం, సిటీ పోలీస్ ఫుట్‌బాల్ జట్టుకి 1950 నుంచి వరసగా ఐదు రోవర్స్ కప్పులు గెలిపించిన కోచ్, 1951లోనూ 1962లోనూ భారత జట్టుకి ఏషియాడ్ స్వర్ణాలు తెచ్చినాయన. 1962 జకార్తాలో తలకి కుట్లు పడ్డ డిఫెండర్ జర్నైల్ సింగ్‌ని తీసుకెళ్ళి ముందు వరసలో ఆడించడం, ఫైనల్‌లో అతనే గోల్ కొట్టడం, దక్షిణ కొరియా మీద 2-1, తర్వాతి ఏడాదికే రహీం సాబ్ క్యాన్సర్‌తో పోవడం. నాకు పైపైన తెలుసు, ఇంత తెలియదు. అలవాటు కొద్దీ అడిగేశాను, ఈ మాట మీకెలా తెలుసు నాన్నా అని. ఆయన కాసేపు ఆగి, తాత ఫతే మైదాన్‌లో సిటీ పోలీస్ ఆట చూడటానికి డ్యూటీ మార్చుకుని వెళ్ళేవాడని, గోడ ఎక్కడ పట్టుకుని ఎక్కేవాడో కూడా చెప్పారు. నేను ఇంకా అడిగాను. 22 నిమిషాలు, ఫోన్లో రికార్డు చేసుకున్నాను.

మొదలుపెట్టాలనుకునేవాళ్ళు వరస పెట్టి వినకండి, వందల్లో ఉన్నాయి. ఆస్ట్రోస్ అనీ గ్రైనర్ అనీ హామ్లిన్ అనీ పేరు కొట్టి వెతకండి, ఆ ఆట తెలియకపోయినా నడుస్తుంది. ఈ వారం మా పిన్ని కరీంనగర్ నుంచి వచ్చి ఉంది, అమ్మ అడిగిందని గ్రైనర్ కథ మళ్ళీ మొదటి నుంచి చెప్తున్నాను, నిన్న రాత్రికి విచారణ దాకా వచ్చాం.